ఆదిరె: గంజి గీత నుంచి నీలి కుండ దాకా

నైరుతి నైజీరియాలో యోరుబా స్త్రీలు నీలిమందుతో అద్దే బట్ట పేరు ఆదిరె. 'ఆది' అంటే కట్టడం, 'రె' అంటే రంగులో ముంచడం. పేరు ముడివేసిన బట్ట నుంచి వచ్చినా, ఇప్పుడు మూడు రకాలకూ అదే పేరు నడుస్తోంది. పీచుతో ముడులు వేసి అద్దితే ఆదిరె ఓనికో, సూదితో కుట్టి అద్దితే ఆదిరె అలాబెరె, గంజితో బొమ్మ గీసి అద్దితే ఆదిరె ఎలేకో. అబెయొకుటా, ఇబాదాన్, ఒషోగ్బో ఈ పనికి పేరుపడ్డ ఊళ్లు.

ఈ పనిలో రెండు చేతులుంటాయి. బట్ట మీద ముడి, కుట్టు, గీత పెట్టేది అలాదిరె. కుండ కాచి రంగు ముంచేది అలారో. చాలాచోట్ల ఇద్దరూ వేరు వేరు స్త్రీలు. కొత్తగా నేర్చుకునేవాళ్లు మాత్రం బొమ్మ మీద వారం రోజులు కూర్చుని, రంగు దగ్గర ఒక్క పూటలో తేల్చేద్దామనుకుంటారు. ఆదిరె పాడయ్యేది అక్కడే. గంజి ఎంత బలంగా ఉందో కుండకు తెలియాలి, కుండ ఎంత ఘాటుగా ఉందో గంజి పెట్టే చేతికి తెలియాలి. ఈ రెంటినీ కలిపే సూత్రం ఒక్కటే: మునక పొట్టిది, గాలి పొడుగుది. కింద చెప్పేదంతా దాని చుట్టూ తిరిగేదే.

బట్ట

పాత రోజుల్లో స్త్రీలు నిలువు మగ్గం మీద నేసిన కిజీపా అనే మోటు నూలుబట్ట వాడేవారు. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో ఇంగ్లండు మిల్లుల సన్నని తెల్ల షర్టింగు బట్ట సంతలకు విరివిగా వచ్చింది. ఈకతో సన్నని గీత గీయడం ఆ నున్నటి బట్ట మీదే బాగా కుదిరింది. మోటు నేతలో గంజి దారాల సందుల్లోకి జారిపోయి గీత అంచు పలుకులు పలుకులుగా వస్తుంది. అందుకే ఎలేకోకు నూటికి నూరు పాళ్లు నూలు, దగ్గర నేత, నున్నని ముఖం ఉన్న బట్టే కావాలి. పాలిస్టర్ కలిసిన బట్టకు నీలిమందు సరిగా పట్టదు. బూడిద రంగులో తేలిపోతుంది.

ఒక పూర్తి చుట్టుబట్టకు రెండున్నర గజాల ముక్కలు రెండు కావాలి. రెండింటి మీదా ఒకే బొమ్మ పెట్టి, నిలువు అంచులు కలిపి కుడతారు. మిల్లు బట్టకు ఫ్యాక్టరీలో పట్టించిన గంజి ఉంటుంది. దాన్ని వేడినీళ్లలో సబ్బుతో ఉడికించి, మూడునాలుగు నీళ్లలో జాడించి తీసేయాలి. ఒక చుక్క నీళ్లు బట్ట మీద వేసి చూడండి. వెంటనే ఇంకితే సిద్ధం. ముత్యంలా నిలబడితే మళ్లీ ఉడకబెట్టాల్సిందే. ఇది వదిలేస్తే రంగు మచ్చలు మచ్చలుగా వస్తుంది, ఆ తర్వాత ఎన్ని మునకలు వేసినా ఆ మచ్చలు పోవు.

ముడి, కుట్టు

ఓనికోలో 'ఇకో' అంటే రఫియా తాటి లేత ఆకు నుంచి ఒలిచిన పీచు. బట్ట కింద గులకరాయో, గింజో పెట్టి, పైనుంచి చిటికెడు పట్టి, మెడ దగ్గర పీచును గట్టిగా చుట్టాలి. ఒక్క చుట్టు చుడితే తెల్లని సన్న వలయం వస్తుంది. మెడ నుంచి పైదాకా చుట్టుకుంటూ పోతే తెల్ల చుక్క వస్తుంది. పీచును తడిపి కట్టాలి. ఆరిన పీచు ముడి దగ్గర విరుగుతుంది, తడిపిన పీచు సాగి, చుట్టు మీద చుట్టు కూర్చుంటుంది. గింజంత చిన్న ముడులతో బట్టంతా నింపిన రకాన్ని 'ఎలెసో' అంటారు. ఒక బట్టకు వందల ముడులు పడతాయి. అన్ని ముడులూ ఒకే బిగువులో ఉండాలి. మధ్యాహ్నం వేసిన ముడి పొద్దున వేసినదానికన్నా వదులైతే, రంగు తీశాక ఆ తేడా కళ్లకు కొట్టినట్టు కనిపిస్తుంది.

అలాబెరెలో బట్టను మడిచి, మడత అంచుకు దగ్గరగా పీచుతోనో గట్టి నూలుదారంతోనో కుట్టి, దారం లాగి బిగించి కొసముడి వేస్తారు. కుట్టు మిషను వచ్చాక అదే పని త్వరగా అవుతోంది. పొరపాటు ఎక్కువగా జరిగేది చివర్లో, కుట్టు విప్పేటప్పుడు. రంగు తాగిన దారం, రంగు తాగిన బట్ట ఒకే నలుపులో ఉంటాయి. బ్లేడు దారం బదులు బట్టను కోస్తుంది. కొసముడిని పెద్దదిగా వేసి, దారం తోక ఒక అంగుళం వదిలితే విప్పేటప్పుడు వేలికి దొరుకుతుంది. తడి బట్ట మీద విప్పకూడదు. ఆరాక విప్పాలి.

గంజి

ఎలేకో బట్ట బాగుందా లేదా అన్నది ముప్పాతిక వంతు ఇక్కడే తేలిపోతుంది. వాడేది 'లాఫున్', అంటే కర్రపెండలాన్ని నానబెట్టి పులియబెట్టి, ఎండబెట్టి దంచిన పిండి. దానికి పటిక, కొద్దిగా మైలుతుత్తం కలుపుతారు. పటిక గంజిని గట్టిపరుస్తుంది. మైలుతుత్తం బూజు పట్టకుండా, పులిసిపోకుండా ఆపుతుంది, గంజికి లేత నీలం ఛాయ ఇస్తుంది కాబట్టి తెల్ల బట్ట మీద గీసింది ఎక్కడో కూడా కనబడుతుంది.

రెండున్నర గజాల ముక్కకు ఈ కొలతతో మొదలుపెట్టవచ్చు: పిండి 150 గ్రాములు, నీళ్లు ఒక లీటరు, పటిక పొడి ఒక చెంచా, మైలుతుత్తం పావు చెంచా. పిండిని ముందు గ్లాసు చన్నీళ్లలో ఉండలు లేకుండా కలిపి, మిగతా నీళ్లు కాగుతుంటే సన్నధారగా పోస్తూ కలియబెట్టాలి. తెల్లగా ఉన్నది గాజులా పారదర్శకమయ్యేదాకా, సుమారు పావుగంట, సన్నసెగ మీద ఉడకాలి. దించాక పటిక, మైలుతుత్తం విడివిడిగా వేడినీళ్లలో కరిగించి పోయాలి. తర్వాత గంజిని పలచని గుడ్డలో పోసి, గట్టిగా పిండుతూ వడగట్టాలి. ఈ వడపోత మానేస్తే ఈక మొనకు ప్రతి నాలుగో గీతలో ఒక పలుకు అడ్డుపడుతుంది. మైలుతుత్తం విషం. ఈ గిన్నె, గరిటె, గుడ్డ మళ్లీ వంటింట్లోకి పోకూడదు. వాడినప్పుడు చేతికి తొడుగు ఉండాలి.

చిక్కదనం చూడటానికి ఈకను ముంచి పైకెత్తాలి. గంజి ఈక కొసన ఒక బొట్టుగా నిలిచి, రెండు మూడు లెక్కపెట్టేలోపు పడాలి. జారుడుగా ధార కడితే పలచన, గీత పక్కకు పాకుతుంది. అసలు పడకపోతే మరీ చిక్కన. అలాంటి గంజి మందంగా కూర్చుని, ఆరాక పెచ్చులై రాలిపోతుంది. చల్లారేకొద్దీ గంజి చిక్కబడుతుంది కాబట్టి పరీక్ష గోరువెచ్చగా ఉన్నప్పుడు కాదు, పూర్తిగా చల్లారాకే చేయాలి. మరుసటి రోజుకు మిగిలితే నీళ్లు పోసి పలచన చేయడం కన్నా మళ్లీ కాస్త వేడిచేసి వడగట్టడమే మేలు.

గీయడానికి కోడి ఈక, తాటి ఈనె, చీపురు పుల్ల, దువ్వెన, ఏది దేనికి కుదిరితే అది. సన్న గీతకు ఈక, మందపు పట్టీకి ఈనె, పక్కపక్క గీతలకు దువ్వెన. బట్టను ముందు గడులుగా మడిచి గోటితో గట్టిగా నొక్కితే మడత గుర్తులే కొలత గీతలవుతాయి. యోరుబా స్త్రీలు పెన్సిలు పట్టకుండా గడులన్నీ ఒకే కొలతలో తెచ్చేది ఇలాగే. 'ఇబాదాన్‌దున్' అనే పేరుకు 'ఇబాదాన్ తీయన' అని అర్థం. అందులో ఇబాదాన్ నగరంలోని మాపో హాలు స్తంభాలు, వాటి మధ్య చెంచాలు వరుసగా వస్తాయి. సముద్రదేవత పేరు మీద ఉన్న 'ఓలోకున్'లో ఒక్కో గడిలో ఒక్కో బొమ్మ. కొత్తవాళ్లు ఈ రెంటిలో దేన్నీ పూర్తిగా ఎత్తుకోకుండా నాలుగు గడులతో మొదలుపెట్టడం మంచిది. అబెయొకుటాలో ఎక్కువగా రేకు అచ్చులు వాడతారు. జింకు రేకులో బొమ్మ కత్తిరించి, బట్ట మీద పరిచి, పైనుంచి గంజిని గీకి నింపుతారు. రేకులు కత్తిరించేది సాధారణంగా మగవాళ్లు. అచ్చుకు గంజి ఈక గంజి కన్నా చిక్కగా ఉండాలి, లేదంటే రేకు కిందకు పాకి అంచులు మసకబారతాయి.

గంజి ఒక్క వైపే పెడతారు. అందుకే ఎలేకో బట్ట వెనక పూర్తిగా నీలం. ముందువైపు కూడా గీత పాల తెలుపులో రాదు, లేత నీలంలో వస్తుంది. ఎందుకంటే రంగు వెనక నుంచి కొద్దిగా ఇంకుతుంది, గంజి దాన్ని సగమే ఆపుతుంది. అది లోపం కాదు, ఎలేకో అందమే అది. ముదురు నీలం మీద లేత నీలం. తెలుపు కావాలనుకుంటే ఎంచుకోవాల్సింది ఓనికో.

గీసిన బట్టను ఎండలో పూర్తిగా ఆరనివ్వాలి. వేలితో తడితే కాగితంలా చప్పుడు కావాలి. ఆరిన తర్వాత బట్టను మడవకూడదు, చుట్టకూడదు. మడిచిన ప్రతిచోటా గంజి బీటలు వారి, రంగులో ఆ బీటలు నరాల్లా తేలతాయి. కావాలని బీటలు పెట్టుకునే అద్దకాలు వేరే ఉన్నాయి. ఎలేకోలో గీత శుభ్రంగా ఉండటమే గౌరవం.

ఎలు, బూడిద, కుండ

యోరుబా నీలిమందు ప్రధానంగా ఇండిగోఫెరా (నీలి) మొక్కది కాదు. 'ఎలు' అనే పాకుడు తీగ, వృక్షశాస్త్రంలో దాని పేరు లోంకోకార్పస్ సయనెసెన్స్. లేత ఆకులను కోసిన రోజే రోట్లో వేసి నల్లని ముద్దయ్యేదాకా దంచి, ఉండలు చేసి ఎండబెడతారు. ఆకు వాడిపోయాక దంచితే రంగు తగ్గుతుంది. మంచి ఉండను విరిస్తే లోపల నీలి నలుపు మెరుస్తుంది. గోధుమ రంగు, బూజు వాసన ఉంటే అది సరిగా ఆరని సరుకు.

రెండో దినుసు బూడిద. కట్టెలు, కోకో కాయల పెంకులు కాల్చిన బూడిదను నీళ్లతో ముద్దచేసి, ఉండలు కట్టి, ఆవంలో మళ్లీ కాలుస్తారు. మిగిలిన బొగ్గు అప్పుడు కాలిపోతుంది. తర్వాత కుండ మీద కుండ. పైకుండ అడుగున చిల్లులు ఉంటాయి. చిల్లుల మీద పుల్లలు పరిచి, పైన బూడిద నింపి నీళ్లు పోస్తే కింది కుండలోకి చుక్క చుక్కగా క్షారజలం దిగుతుంది. తొందరపడి ఒకేసారి నీళ్లు కుమ్మరిస్తే బూడిదలో కాలువ పడి, నీళ్లు సారం పట్టకుండానే జారిపోతాయి. మంచి క్షారజలం తేనీటి రంగులో తేటగా ఉంటుంది, వేళ్ల మధ్య సబ్బులా జారుతుంది. పాతవాళ్లు నాలుక కొసతో చూసేవారు. పీహెచ్ కాగితం దొరికేచోట ఆ పని అక్కర్లేదు, 10 నుంచి 11 మధ్య చూపిస్తే చాలు.

ఉండలను చిదిమి పెద్ద మట్టికుండలో వేసి, అవి మునిగి పైన జానెడు నిలిచేలా క్షారజలం పోసి మూతపెడతారు. మూడు నుంచి ఏడు రోజులు పడుతుంది. నీలిమందు నీటిలో కరగని పదార్థం. కుండలో పెరిగే సూక్ష్మజీవులు అందులోంచి ఆక్సిజన్ ప్రభావాన్ని తొలగించి, క్షారంలో కరిగే పసుపుపచ్చ రూపంలోకి మారుస్తాయి. ఆ రూపంలోనే అది నూలు లోపలికి దూరగలదు. బయటికి తీయగానే గాలి తగిలి మళ్లీ నీలమై, నూలు లోపలే చిక్కుకుంటుంది. కుండలో కనిపించే ప్రతి గుర్తుకూ కారణం ఇదే.

రోజుకు ఒకసారి, కుండ అడుగు నుంచి మెల్లగా కలపాలి. చిలకరాదు, నురగ రేపరాదు. చిలికితే గాలి కలిసి నీలం మళ్లీ గడ్డకట్టి అడుగుకు పోతుంది. మూత తీసినప్పుడు పైన రాగి మెరుపు పొర, అంచుల్లో నీలి నురగ, దాన్ని పక్కకు తోస్తే కింద పసుపుపచ్చ ద్రవం కనిపిస్తే కుండ వచ్చినట్టే. తెల్ల గుడ్డపీలిక ముంచి ఐదు నిమిషాలాగి తీస్తే ఆకుపచ్చగా వచ్చి, చూస్తుండగానే నీలానికి తిరగాలి. తీసినప్పుడే నీలంగా ఉంటే రంగు కరగలేదు, పైపైన అంటింది. కడిగితే పోతుంది.

కుండ రాకపోతే కారణం మూడింటిలో ఒకటి. క్షారం మరీ ఎక్కువైతే సూక్ష్మజీవులు లేవవు, కుండ ఏ వాసనా లేకుండా చల్లగా, నీలంగా ఉండిపోతుంది. కొద్దిగా మామూలు నీళ్లు, ఒకటి రెండు కొత్త ఉండలు వేసి రెండు రోజులు ఆగాలి. క్షారం తగ్గితే పులిసి కుళ్లుతుంది, వాసన ముక్కు పుటాలను తాకుతుంది. వెంటనే క్షారజలం పోయాలి, ఆలస్యమైతే నీలమే నాశనమవుతుంది, ఆ కుండను ఎవరూ వెనక్కి తేలేరు. మూడోది చలి. 25 నుంచి 40 డిగ్రీల మధ్య కుండ హాయిగా ఉంటుంది. వానాకాలంలో రోజులు ఎక్కువ పట్టేది అందుకే. కుండ పని సాగాలంటే ఇయా మాపో దయ ఉండాలని యోరుబా స్త్రీల నమ్మకం. రంగు అద్దేవాళ్లను, కుండలు చేసేవాళ్లను కాచే దేవత ఆమె. ఇలాంటి కుండ ముందు వారం రోజులు కాపు కాసినవాళ్లకు ఆ నమ్మకం ఎక్కడి నుంచి వచ్చిందో విడమరచి చెప్పనక్కర్లేదు.

కాస్టిక్ సోడా, హైడ్రోసల్ఫైట్ అనే రసాయనాలు, కృత్రిమ నీలిమందుతో ఇదంతా ఒక గంటలో అయిపోతుంది, ఇప్పుడు చాలామంది అలాగే చేస్తారు. 1930వ దశకంలో 'అలాకే' అనే బిరుదున్న అబెయొకుటా రాజు వీటిని నిషేధించాడు, అద్దకం స్త్రీలు దాన్ని గట్టిగా ఎదిరించారు. ఆ వివాదంలో ఎవరి పక్షం న్యాయమన్నది అటుంచితే, పనివాళ్లు గుర్తుంచుకోవాల్సింది ఒకటుంది. ఘాటైన కాస్టిక్ సోడా చన్నీళ్లలో కూడా పిండిపదార్థాన్ని ఉబ్బించి జిగురు చేస్తుంది. అంటే ఎలేకో గంజిని అది నేరుగా తింటుంది. ఈ రకం రంగు వాడాల్సివస్తే ఓనికోకు, అలాబెరెకు వాడండి. సోడాను ఎప్పుడూ నీళ్లలో కొద్దికొద్దిగా వేయాలి, సోడా మీద నీళ్లు పోయకూడదు.

ముంచడం

ముడివేసిన, కుట్టిన బట్టలను ముందు మామూలు నీళ్లలో నానబెట్టి పిండి, తడిగానే కుండలోకి దించాలి. పొడిగా దించితే మడతల్లో గాలిబుడగలు చిక్కి తెల్ల చుక్కలు పడతాయి. ఎలేకో బట్ట మాత్రం పొడిగానే దిగాలి, నానబెడితే గంజి కుండ చేరకముందే మెత్తబడుతుంది.

మొదటి మునక ఎలేకోకు రెండు నిమిషాలకు మించకూడదు. బట్టను రెండు చేతుల మీద వేలాడదీసి, గంజి ముఖం దేనికీ రాసుకోకుండా మెల్లగా దించి, మెల్లగా పైకి తీయాలి. పిండకూడదు. కారనిచ్చి, కర్ర మీద పరచి పావుగంట గాలి పట్టనివ్వాలి. ఆకుపచ్చ పూర్తిగా నీలమయ్యాకే రెండో మునక. రెండు మూడు మునకలకు ఒకసారి బట్టను పూర్తిగా ఆరబెడితే మెత్తబడ్డ గంజి మళ్లీ గట్టిపడుతుంది. ముదురు నీలానికి ఇలా ఎనిమిది, పది మునకలు పడతాయి. ఓనికో, అలాబెరెలకు ఒక్కో మునక ఐదు నుంచి పది నిమిషాలుండొచ్చు. బట్ట కుండ అడుగున మడ్డిని తాకితే గోధుమ మచ్చలు పడతాయి కాబట్టి కుండలో పైసగమే వాడుకోవాలి.

గంటసేపు ఒకే మునకలో ఉంచితే పని త్వరగా అవుతుందనిపిస్తుంది. తడిలో ముదురుగానే కనిపిస్తుంది కూడా. కానీ ఒక మునకలో నూలు పట్టుకోగలిగేది కొంతే. మిగతాది పైన కూర్చుని, కడిగినప్పుడు నీళ్లలోకి, కట్టుకున్నప్పుడు ఒంటికి అంటుకుంటుంది. ఈలోపు గంజి కూడా కరిగి గీతలు పోతాయి. తడి బట్ట ఆరాక ఒక వంతు లేతగా కనిపిస్తుంది, కావలసిన రంగుకన్నా ఒక మునక ఎక్కువ వేసుకోవాలి.

గంజి తీయడం, మెరుగు

బట్ట పూర్తిగా ఆరాక చేత్తో నలుపుతూ, మొండి చెక్కతో గీకుతూ గంజి పెచ్చులు రాల్చాలి. తర్వాత చన్నీళ్లలో నానబెట్టి, నీళ్లు తేటగా వచ్చేదాకా జాడించాలి. వేడినీళ్లు పోస్తే మిగిలిన గంజి జిగురై నూలులోకి ఎక్కుతుంది, గీతలు మురికిగా మిగులుతాయి. బూడిద క్షారం పూర్తిగా పోకపోతే బట్ట కొన్నాళ్లకు జీవం తగ్గి, మడత దగ్గర చిరుగుతుంది. చివరి జాడింపు నీళ్లు వేళ్ల మధ్య జారకూడదు, అదే గుర్తు. నీడలో ఆరబెట్టాలి.

ఆరిన బట్టను మడిచి, నున్నటి దుంగ మీద పరిచి కొయ్య సుత్తితో కొడతారు. దారాలు చదునై, నీలం మీద లోహపు మెరుపు ఎక్కుతుంది. సుత్తి ముఖం బట్టకు సమంగా పడాలి. అంచుతో తగిలితే అక్కడ నూలు తెగుతుంది. మడతలు మార్చి మార్చి కొట్టకపోతే మడత గీత మీద రంగు తేలిపోతుంది.

సారం అయిపోయిన కుండ లేత నీలాలకు ఇంకా పనికొస్తుంది. మొదటి మునకలు పాత కుండలో, చివరివి కొత్త కుండలో వేయడం పొదుపు, రంగూ సమంగా ఎక్కుతుంది. అదీ అయ్యాక కుండ అడుగున మిగిలిన మడ్డిని పారబోయరు. కొత్త బూడిదలో కలిపి ముద్దచేస్తారు. ఆ ముద్ద ఉండలై మళ్లీ ఆవంలోకి వెళ్తుంది.